వెరోనిసెల్లిడ్‌లు

నేలమీద బతికే పెంకులేని నత్తల్లో వెరోనిసెల్లిడే ఒక కుటుంబం. ఈ కుటుంబానికి చెందిన ఏ జీవినైనా వెరోనిసెల్లిడ్ అంటారు. ఉష్ణ, ఉపోష్ణ మండలాల్లో వందకు పైగా జాతులు ఉన్నాయి. పాత గ్రంథాల్లో వీటినే వాజినులాలనీ వాజినులిడ్‌లనీ రాశారు. వాడుక ఇంగ్లీషులో వీటి పేరు లెదర్‌లీఫ్ స్లగ్. భారతదేశంలో ఎక్కువగా కనిపించే వెరోనిసెల్లిడ్ లేవికాలిస్ ఆల్టె. నల్లగొండ, మహబూబ్‌నగర్ ప్రాంతాల్లో తొలకరి తరువాత పెరటి గోడల మీద, పూలకుండీల కింద, నారుమళ్ల గట్ల మీద రాత్రిపూట పాకే నల్లని పెంకులేని నత్తను పోల్చుకోవాలంటే మొదట చూడాల్సింది ఈ జాతినే.

పెంకు లేకపోవడం ఒక్కటే ఈ కుటుంబ లక్షణం కాదు. నత్తల వంశవృక్షంలో పెంకు చాలాసార్లు, వేరువేరు కొమ్మల్లో, విడివిడిగా మాయమైంది. అందువల్ల స్లగ్ అనే మాట శరీర ఆకారాన్నే చెబుతుంది, చుట్టరికాన్ని చెప్పదు. వెరోనిసెల్లిడ్ అనే మాట చుట్టరికాన్ని చెబుతుంది. ఈ రెంటినీ కలిపేయడం వల్లనే పంటల పుస్తకాల్లో, ఆరోగ్య సూచనల్లో ఒక జీవి సంగతులు మరో జీవికి అంటగట్టడం జరుగుతూ వచ్చింది.

పేరు చరిత్ర

ఈ కుటుంబానికి దగ్గరి బంధువైన ఒక జీవి భారతదేశం నుంచే తొలిసారి శాస్త్రానికి తెలిసింది. వైద్యుడూ ప్రకృతి పరిశీలకుడూ అయిన ఫ్రాన్సిస్ బుకానన్ బెంగాల్‌లో జమ్ము ఆకుల మీద కనిపించిన ఒక పెంకులేని నత్తను 1800లో ఆంకిడియం టైఫే అనే పేరుతో వర్ణించాడు. ఆ తరువాత కొంతకాలం పాటు, వీపంతా మందపాటి చర్మంతో కప్పి ఉన్న ఉష్ణమండలపు నత్తలను కొందరు ఆంకిడియం కిందనే చేర్చారు. కరీబియన్ దీవుల వెరోనిసెల్లిడ్ ఒకదానికి గిల్డింగ్ 1825లో ఆంకిడియం ఆక్సిడెంటేల్ అని పేరు పెట్టడం ఇందుకు ఉదాహరణ.

ఫ్రెంచి శాస్త్రవేత్త బ్లాన్‌విల్ 1817లో వెరోనిసెల్లా అనే ప్రజాతిని స్థాపించాడు. అయిదేళ్ల తరువాత, 1822లో, మరో ఫ్రెంచి శాస్త్రవేత్త ఫెరుసాక్ దాదాపు ఇలాంటి జీవులకే వాజినులస్ అని పేరు పెట్టాడు. లాటిన్‌లో దీని మూలానికి చిన్న ఒర అని అర్థం. తల, పాదం రెండూ వీపు చర్మం అంచుల కిందికి వెళ్లి దాగే జీవికి ఆ పేరు తగినదే. తరువాతి రచయితలు వాజినులస్‌ను వాజినులాగా మార్చి రాశారు. 19వ శతాబ్దమంతా ఆ రూపమే ఎక్కువ ప్రచారంలో ఉంది. శ్రీలంకలో పనిచేసిన సైనిక వైద్యుడు రాబర్ట్ టెంపుల్‌టన్ 1858లో వర్ణించిన మచ్చల నత్త వాజినులా మాక్యులాటా అయింది. పాల్ ఫిషర్ 1871లో ప్రపంచ జాతుల సమీక్ష రాసినప్పుడు దాన్ని వాజినులా ప్రజాతి సమీక్షగానే ప్రకటించాడు.

కుటుంబ స్థాయిలోనూ రెండు పేర్లు పోటీపడ్డాయి. గ్రే 1840లో వెరోనిసెల్లిడే అన్నాడు. మార్టెన్స్ 1866లో వాజినులిడే అన్నాడు. జంతువుల నామకరణ నియమావళి ప్రకారం ఒకే సమూహానికి రెండు పేర్లున్నప్పుడు సాధారణంగా ముందు వచ్చినదే చెల్లుతుంది. అందువల్ల వెరోనిసెల్లిడే నిలిచింది, వాజినులిడే దానికి పర్యాయంగా మిగిలింది. అయినా వాజినులా పేరు 20వ శతాబ్దంలో చాలాకాలం పాటు వ్యవసాయ కీటకశాస్త్ర రచనల్లోనూ కాలేజీ ప్రయోగశాల పుస్తకాల్లోనూ కొనసాగింది.

వాజినులా అనే పెద్ద సంచిని విప్పి సర్దింది జర్మన్ శాస్త్రవేత్తలు. పైకి ఒకేలా కనిపించే ఈ నత్తలను కోసి లోపలి అవయవాలు, ముఖ్యంగా పురుష జననాంగం ఆకారం చూస్తే తప్ప జాతులు తేలవని హైన్రిక్ సిమ్రోత్ గుర్తించాడు. ఆ ప్రాతిపదికన 1913లో లేవికాలిస్, ఫిలికాలిస్ వంటి ప్రజాతులను ఏర్పరచాడు. గ్రింపె, హాఫ్‌మన్ 1924లో సెంపెరులా, సరసినులా ప్రజాతులను చేర్చారు. ఫిలిప్పీన్స్ జీవులపై పనిచేసిన కార్ల్ సెంపర్ పేరు మీద మొదటిది, సరసిన్ వంశపు పరిశోధకుల పేరు మీద రెండవది వచ్చాయి. ఆ తరువాత అమెరికా జాతులపై హెచ్.బి. బేకర్, ఆఫ్రికా జాతులపై ఫోర్కార్ట్, దక్షిణ అమెరికా జాతులపై బ్రెజిల్‌కు చెందిన తోమె చేసిన సమీక్షలు నేటి వర్గీకరణకు పునాది వేశాయి.

ఈ సర్దుబాటు తరువాత తమాషా అయిన పరిస్థితి ఏర్పడింది. నేటి అర్థంలో వెరోనిసెల్లా ప్రజాతి, వాజినులస్ ప్రజాతి రెండూ అమెరికా ఖండాలకు చెందినవే. భారతదేశపు జీవులు లేవికాలిస్, సెంపెరులా వంటి ఇతర ప్రజాతుల్లోకి వెళ్లాయి. కనుక మహబూబ్‌నగర్‌లో దొరికిన నల్లని నత్తను వెరోనిసెల్లిడ్ అంటే సరైనదే, వెరోనిసెల్లా అంటే తప్పు. పాత భారతీయ రచనలో వాజినులా అని మాత్రమే ఉంటే అది ఏ ప్రజాతి అయినా కావచ్చు. వాజినులా ఆల్టె అని జాతి పేరు కూడా ఉంటే దాన్ని లేవికాలిస్ ఆల్టెగా చదువుకోవాలి.

వృక్షశాస్త్రంలోనూ వాజినులా అనే పారిభాషిక పదం ఉంది. నాచు మొక్కల్లో సిద్ధబీజపు తిత్తిని మోసే కాడ మొదలును చుట్టి ఉండే చిన్న తొడుగును ఆ పేరుతో పిలుస్తారు. దానికీ ఈ నత్తకూ సంబంధం లేదు.

వర్గీకరణలో స్థానం

వెరోనిసెల్లిడ్‌లు మొలస్కాల్లో ఉదరపాదులు, అంటే గాస్ట్రోపోడా తరగతి జీవులు. తోటల్లో కనిపించే మామూలు స్లగ్‌లు, ఆఫ్రికా రాక్షస నత్త స్టైలొమ్మటోఫోరా సమూహంలో ఉంటాయి. వెరోనిసెల్లిడ్‌లు దానికి బయట, సిస్టెలొమ్మటోఫోరా అనే వేరే శాఖలో ఉంటాయి. పిల్స్‌బ్రీ 1948లో ఈ శాఖకు ఆ పేరు పెట్టాడు. సముద్ర తీరపు బురదలో, మడ అడవుల్లో బతికే ఆంకిడియిడే కుటుంబం, ఆగ్నేయాసియాలో ఇతర నత్తలను వేటాడి తినే రాథౌసియిడే కుటుంబం వీటికి దగ్గరి చుట్టాలు.

తెలుగు రాష్ట్రాల్లో జంతుశాస్త్ర విద్యార్థి పాఠంగా చదివే పైలా, అంటే చెరువులో దొరికే ఆపిల్ నత్త, ఈ రెండు శాఖలకూ చాలా దూరం. దానికి మొప్ప ఉంటుంది, గుల్ల నోటికి మూత ఉంటుంది, ఆడ మగ వేరుగా ఉంటాయి. వెరోనిసెల్లిడ్‌లో ఈ మూడూ లేవు. పైలాను ఆధారం చేసుకుని వెరోనిసెల్లిడ్‌ను అర్థం చేసుకోబోతే అడుగడుగునా పొరపాటే.

శరీర నిర్మాణం

వీపు మొత్తాన్నీ ఒకే మందపాటి చర్మపు పొర కప్పి ఉంటుంది. దాన్ని నోటమ్ అంటారు. మామూలు స్లగ్‌లకు మెడ వెనక చిన్న జీను ఆకారపు ప్రావారం విడిగా కనిపిస్తుంది. పడమటి కనుమల్లో దొరికే మారియెల్లా డుస్సుమియెరి దీనికి మంచి ఉదాహరణ, దాని ప్రావారం కింద పెంకు అవశేషం కూడా ఉంటుంది. వెరోనిసెల్లిడ్‌లో అలాంటి విడి భాగం లేదు. ఎదిగిన జీవిలో లోపలా బయటా పెంకు ఆనవాలు ఉండదు.

తిప్పి చూస్తే నడుమ పొడవునా సన్నని పాదం, దానికి రెండు పక్కలా వీపు చర్మం అంచులు కనిపిస్తాయి. ఆ పక్క భాగాలను హైపోనోటమ్ అంటారు. లేవికాలిస్ ఆల్టెలో ఎదిగిన జీవి 7, 8 సెంటీమీటర్ల పొడవుంటే పాదం వెడల్పు 4, 5 మిల్లీమీటర్లే. పొడవు ఇంతకంటే పెరిగే జీవులూ ఉన్నాయి. రంగు నలుపు లేదా ముదురు బూడిద. వీపు నడుమ తల నుంచి తోక దాకా లేత గోధుమ రంగు గీత. చర్మం నున్నగా కాక సన్నని బొడిపెలతో గరుకుగా ఉంటుంది.

తలకు రెండు జతల స్పర్శశృంగాలు. పై జత కొసల్లో కళ్లుంటాయి. కింది జత కొసలు రెండుగా చీలి ఉంటాయి. ఇక్కడే మామూలు స్లగ్‌కూ దీనికీ స్పష్టమైన తేడా ఉంది. మామూలు స్లగ్ తన కంటి శృంగాన్ని చొక్కా చేతిని లోపలికి తిప్పినట్టు లోపలికి లాక్కుంటుంది. వెరోనిసెల్లిడ్ శృంగం అలా తిరగబడదు, కుంచించుకుపోతుంది, అంతే. లేవికాలిస్ ఆల్టెలో అవి రెండు మూడు మిల్లీమీటర్లే కనుక వీపు అంచు దాటి బయటికి రావడం అరుదు. ఏది తలో ఏది తోకో చూడగానే తెలియకపోవడానికి కారణం ఇదే.

మలద్వారం శరీరం చివరన, వెనక కొసలో ఉంటుంది. మామూలు స్లగ్‌లో అది ముందు భాగాన కుడిపక్కన, శ్వాసరంధ్రం దగ్గర ఉంటుంది. వెరోనిసెల్లిడ్‌లో ఊపిరితిత్తి కుహరం క్షీణించింది. తడి చర్మమే ముఖ్యమైన శ్వాసావయవం. ఆడ మగ అవయవాలు ఒకే జీవిలో ఉన్నా వాటి ద్వారాలు వేరు. పురుష ద్వారం తల దగ్గర, స్త్రీ ద్వారం కుడి హైపోనోటమ్ మీద శరీరం సుమారు నడిమి భాగాన. పట్టుకున్న నత్త వెరోనిసెల్లిడ్ అవునా కాదా తేల్చడానికి ఈ బాహ్య లక్షణాలు చాలు. ఏ జాతి అన్నది ఖాయంగా చెప్పాలంటే మాత్రం సిమ్రోత్ చెప్పినట్టు కోసి చూడాలి.

మెట్ట నేలలో తేమ జీవి

చర్మంతో శ్వాసించే జీవికి ఎండే పెద్ద గండం. దక్షిణ తెలంగాణ మెట్ట ప్రాంతం అలాంటి జీవికి పైకి అనుకూలంగా కనిపించదు. నల్లగొండ, మహబూబ్‌నగర్ పాత ఉమ్మడి జిల్లాల్లో వర్షపాతం ఏడాదికి సుమారు 600 నుంచి 750 మిల్లీమీటర్లు. అందులో అధిక భాగం జూన్ నుంచి సెప్టెంబరు లోపల నైరుతి రుతుపవనాలతో పడుతుంది. రోహిణి కార్తెలో ఉష్ణోగ్రత 40 డిగ్రీలు దాటుతుంది. చెలక నేలలు, దుబ్బ నేలలు నీటిని నిలుపుకోవు. 2016 అక్టోబరు 11న ఈ రెండు జిల్లాలు విడిపోయి సూర్యాపేట, యాదాద్రి భువనగిరి, నాగర్‌కర్నూల్, వనపర్తి, జోగులాంబ గద్వాల జిల్లాలు ఏర్పడ్డాయి. 2019లో నారాయణపేట వచ్చింది. జిల్లా గీతలు మారినా వాన లెక్కలో పెద్ద మార్పు లేదు.

ఈ వాతావరణంలో వెరోనిసెల్లిడ్ బతకడానికి దాని శరీర నిర్మాణమే తోడ్పడుతుంది. నేలకు, గాలికి తగిలే తడి భాగం పాదం, అది చాలా సన్నం. మందపాటి వీపు చర్మం మిగతా శరీరాన్ని కప్పుతుంది. ఎండిన పూట జీవి దగ్గరికి ముడుచుకుని గుండ్రంగా, అండాకారంగా మారి గాలికి తగిలే వైశాల్యాన్ని తగ్గించుకుంటుంది. పగలంతా రాళ్ల కింద, పెంటకుప్పల్లో, కుళ్లిన ఆకుల పొరలో, రేగడి నేల పగుళ్లలో దాక్కుని, చీకటి పడ్డాక, లేదా ముసురు పట్టిన పగళ్లలో, బయటికి వస్తుంది. వేసవిలో నేల లోతుకు దిగి చలనం లేకుండా గడిపి మృగశిర వానలతో మళ్లీ కనిపిస్తుంది. వానకు ముందు ఒక్కటీ లేని పెరట్లో వాన వెలిసిన రాత్రి అనేకం కనిపించడం కొత్తగా పుట్టుకురావడం వల్ల కాదు, దాగినవి బయటపడడం వల్ల.

మనిషి చేసిన మార్పులు వీటికి కలిసివచ్చాయి. నాగార్జునసాగర్ ఎడమ కాలువ కింద మిర్యాలగూడ, హుజూర్‌నగర్ వైపు వరి పొలాలు యాసంగిలోనూ తడిగా ఉంటాయి. నల్లగొండ బత్తాయి తోటల్లో చెట్టు పాదులకు నీరు పెట్టడం, బోర్ల కింద కూరగాయలు పండించడం, ఇళ్ల చుట్టూ పూలకుండీలు పెంచడం ఎండాకాలంలో కూడా చిన్న చిన్న తేమ చోట్లను సృష్టించాయి. కుండీల్లో, నర్సరీ మట్టిలో గుడ్లుగానో పిల్లలుగానో ఈ నత్తలు ఊరు నుంచి ఊరికి ప్రయాణిస్తాయి. ప్రపంచమంతటా వీటి వ్యాప్తికి మొక్కల వ్యాపారమే ముఖ్య వాహకం.

ఇక్కడి జీవియా, వచ్చిన జీవియా

లేవికాలిస్ ఆల్టె పుట్టిల్లు ఏదన్నది పేరుకూ పుట్టుకకూ తేడా చూపే ప్రశ్న. ఫెరుసాక్ 1822లో దీన్ని వర్ణించింది పుదుచ్చేరి నుంచి వచ్చిన నమూనాల ఆధారంగా. పేరుకు సంబంధించినంత వరకు ఇది దక్షిణ భారత జీవి. అయితే లేవికాలిస్ ప్రజాతిలోని ఇతర జాతులు ఆఫ్రికాలో ఉన్నాయి. అందుకని ఈ జాతి కూడా ఆఫ్రికాలో పుట్టి, 1822కు ఎంతో ముందే హిందూ మహాసముద్ర వర్తకంతో పాటు ఇక్కడికి చేరిందని పరిశోధకుల అభిప్రాయం. ఆస్ట్రేలియాలో దీన్ని 1889లో తొలిసారి నమోదు చేశారు. పసిఫిక్ దీవుల్లో, హవాయిలో, ఆగ్నేయాసియాలో కూడా ఇప్పుడు ఉంది.

ఆఫ్రికా రాక్షస నత్త రాక ఇంత మసకగా లేదు. దాన్ని మారిషస్ నుంచి తెచ్చి 1847లో కలకత్తా తోటలో వదిలింది బెన్సన్ అనే నత్తల పరిశోధకుడని రికార్డు ఉంది. పెద్ద గుల్లతో కంటికి ఆనే జీవి కావడం వల్ల దాని వ్యాప్తి నమోదైంది. గుల్ల లేని వెరోనిసెల్లిడ్ చడీచప్పుడు లేకుండా వ్యాపించింది. చనిపోతే గుల్ల మిగలదు కనుక నేల తవ్వకాల్లోనూ ఆనవాలు దొరకదు.

జీవన చక్రం

ప్రతి జీవీ ద్విలింగి. రెండు జీవులు జతకట్టడం మామూలు పద్ధతి. సరసినులా ప్లెబియా వంటి కొన్ని జాతుల్లో స్వయంఫలదీకరణ కూడా జరుగుతుంది, కనుక కుండీతో వచ్చిన ఒక్క నత్త అయినా కొత్త చోట సంతతిని పెంచగలదు. గుడ్లు పారదర్శకంగా, అండాకారంగా ఉంటాయి. జిగురు దారంతో ఒకదానికొకటి గుచ్చి ఉన్నట్టు గొలుసుగా పెడతాయి. తల్లి మలం, మట్టి అంటుకుని ఆ గొలుసు నేల రంగులో కలిసిపోతుంది. డింభక దశ లేదు. గుడ్డు నుంచి వచ్చే పిల్ల పెద్ద నత్తకు చిన్న నమూనాగానే ఉంటుంది, పాదం వెడల్పు ఒక మిల్లీమీటరు.

జెముడుకాకి, కోళ్లు, పందికొక్కులు నత్తలను తింటాయి. మిణుగురు జాతి పురుగుల డింభకాలు నత్తల వేటగాళ్లు. అయితే వెరోనిసెల్లిడ్ జిగురు చిక్కగా ఉండడం వల్ల, రాత్రి సంచారి కావడం వల్ల పగటి పక్షుల బెడద దానికి తక్కువ.

పంటలకు నష్టం

లేత మొక్కలు, ఆకుకూరలు, వంగ, క్యాబేజీ నారు, బంతి, బాల్సమ్ వంటి పూలమొక్కలు వీటి ఆహారం. ఎదిగిన పంటకంటే నారుమడికే నష్టం ఎక్కువ. రాత్రి మొలక కాడను కొరికేస్తే ఉదయానికి నారు పడిపోయి ఉంటుంది. పురుగు పట్టిందనుకుని పురుగుమందు కొట్టినా ఫలితం ఉండదు, ఎందుకంటే చాలా పురుగుమందులు కీటకాల కోసం తయారైనవి, నత్తలపై పనిచేయవు. ఎండిన జిగురు జాడ ఆకుల మీద, మట్టి మీద మెరుస్తూ కనిపిస్తే దొంగ నత్తేనని గుర్తించాలి.

ఈ కుటుంబం ఎంత నష్టం చేయగలదో మధ్య అమెరికా అనుభవం చెబుతుంది. సరసినులా ప్లెబియా 1960ల చివర ఎల్ సాల్వడార్‌లో కనిపించి, హోండురస్ తదితర దేశాలకు పాకి, పేద రైతుల చిక్కుడు పంటకు ప్రధాన శత్రువైంది. భారతదేశంలో లేవికాలిస్ ఆల్టె జీవనం, తిండి, వ్యాధుల గురించి కలకత్తా విశ్వవిద్యాలయంలో ఎస్.కె. రౌత్, ఆయన సహచరులు విస్తారంగా పరిశోధించారు.

నివారణలో మొదటి మెట్టు దాక్కునే చోట్లను తొలగించడం. గట్ల మీద కలుపు, నారుమడి పక్కన చెత్తకుప్పలు తీసేయాలి. సాయంత్రం తడిపిన గోనెసంచులు పరిచి, తెల్లవారగానే వాటి కింద చేరిన నత్తలను ఏరి ఉప్పునీటిలో వేయడం చవకైన పద్ధతి. మెటాల్డిహైడ్ గుళికలు నత్తలను చంపుతాయి, కాని కుక్కలకు, పశువులకు, కోళ్లకు కూడా విషం కనుక ఇళ్ల దగ్గర వాడరాదు. సాయంత్రం కాక ఉదయం నీరు పెడితే రాత్రికి పైమట్టి ఆరి నత్త కదలిక తగ్గుతుంది.

ఆరోగ్యం

వెరోనిసెల్లిడ్‌లు మనిషిని కరవవు, జలగల్లా రక్తం పీల్చవు. ప్రమాదం మరో దారిన వస్తుంది. ఎలుకల ఊపిరితిత్తుల్లో బతికే ఆంజియోస్ట్రాంగైలస్ కాంటోనెన్సిస్ అనే నులిపురుగు పిల్లదశలో నత్తల్లో పెరుగుతుంది. చెన్ 1935లో కాంటన్ ఎలుకల్లో దీన్ని కనుగొన్నాడు. లేవికాలిస్ ఆల్టె దీనికి సహజ మధ్యస్థ ఆతిథేయుల్లో ఒకటి. పురుగు పిల్లలున్న నత్తను, లేదా చిన్న నత్త అంటుకున్న పచ్చి ఆకుకూరను మనిషి తింటే ఆ పిల్లలు మెదడు పొరలకు చేరి ఒకరకం మెనింజైటిస్ కలిగించవచ్చు. భారతదేశంలో కేరళ మొదలైన చోట్ల ఈ వ్యాధి కేసులు వెలుగులోకి వచ్చాయి. పచ్చి ఉడుము మాంసం తిన్నవారిలోనూ అవి కనిపించాయి. లాటిన్ అమెరికాలో దీని సోదర జాతి, ఆంజియోస్ట్రాంగైలస్ కోస్టారికెన్సిస్, పేగులకు సోకుతుంది. దానికి ప్రధాన ఆతిథేయులు వెరోనిసెల్లిడ్‌లే. ఈ జాతిని మొరేరా, సెస్పెడెస్ 1971లో వర్ణించారు.

పచ్చిగా తినే కొత్తిమీర, పుదీనా, ఉల్లికాడలను ఆకు ఆకుగా విడదీసి కడగడం, నత్తలను వట్టి చేతులతో ముట్టకపోవడం, ముడితే సబ్బుతో కడుక్కోవడం, చిన్నపిల్లలను వాటితో ఆడనీయకపోవడం సరిపోయే జాగ్రత్తలు. బాగా ఉడికితే నులిపురుగు చనిపోతుంది.

తెలుగులో వాడుక

తెలుగులో నత్త అనే మాట గుల్ల ఉన్న జీవికి వాడుకలో ఉంది. వెరోనిసెల్లిడ్‌కు ప్రత్యేకమైన పారిభాషిక పదం స్థిరపడలేదు. గుల్ల లేని నత్త, పెంకులేని నత్త అని వివరించి రాయడమే స్పష్టం. దీన్ని జలగ, అట్ట అనడం తప్పు. అవి వలయాల శరీరం ఉన్న అనెలిడా జీవులు, రెండు కొసల్లో చూషకాలుంటాయి. వెరోనిసెల్లిడ్‌కు వలయాలు లేవు, చూషకాలు లేవు, శృంగాలున్నాయి.

రచనలో మూడు స్థాయులను వేరుగా ఉంచాలి. ఆకారం గురించి మాత్రమే చెప్పేటప్పుడు స్లగ్ లేదా పెంకులేని నత్త అనాలి. వీపంతా ఒకే చర్మం, చీలిన కింది శృంగాలు, వెనక కొసన మలద్వారం ఉన్నాయని తేలితే వెరోనిసెల్లిడ్ అనవచ్చు. లోపలి అవయవాలు పరీక్షించిన తరువాతే లేవికాలిస్ ఆల్టె, సెంపెరులా మాక్యులాటా వంటి జాతి నామం ఖాయం చేయాలి. వాజినులా, వాజినులిడ్ అనే రూపాలను పాత గ్రంథాల ప్రస్తావనకే పరిమితం చేసి, వెంట నేటి పేరు ఇవ్వాలి. నర్సరీ నుంచి వచ్చిన ఫిర్యాదు గాని, ఆసుపత్రి నమోదు గాని నత్త అని ఒక్క మాటతో ఆగిపోతే దాని మీద ఆధారపడి ఏ నిర్ణయమూ తీసుకోలేం. వెరోనిసెల్లిడ్ అని గుర్తించి, నమూనాను ఆల్కహాల్‌లో భద్రపరిచి, దొరికిన ఊరు, తేదీ, మొక్క పేరు రాసి ఉంచితే, ఆ తరువాత జాతిని ఖాయం చేయడం ఏ పరిశోధకుడికైనా సాధ్యమవుతుంది.